అత్త మొక్కుకున్న మీసం

మొన్న మే నెలలో ఒక ఆదివారం పొద్దున తిరువళ్ళూరు మార్కెట్‌లో బెండకాయలు ఏరుతుంటే జేబులో ఫోను కుయ్యిమంది. తీసి చూశాను. జర్మనీలో ఒక ఫుట్‌బాల్ జట్టు రెండో డివిజను నుంచి మళ్ళీ మొదటి డివిజనుకు ఎక్కిందట. ఆ జట్టు సంగతి ఏదున్నా నాకు చెప్పమని ఆ యాప్‌లో నేనే ఎప్పుడో నొక్కి ఉంచాను. నా చేత నొక్కించింది మా మేనత్త. బెండకాయ కొస పట్టుకుని అలాగే నిలబడిపోయాను. తుంచితే కొనాల్సిందేనని కూరగాయలామె అరవంలో గదమాయించింది. ఆ కబురు వినాల్సిన మనిషి పోయి అప్పటికి ఎనిమిది నెలలు.

ఆమె పేరు ఇక్కడ రాయను. ఫొటో తీస్తానంటే మొహానికి కొంగు అడ్డం పెట్టుకునే మనిషి, పేరు అచ్చు వేశానంటే ఊరుకోదు. తిరుత్తణిలో ఆమె ఉన్న వీధిలో అరవ పిల్లలకు ఆమె ఫుట్‌బాల్ పాట్టి, తెలుగు పిల్లలకు ఫుట్‌బాల్ అవ్వ. మా నాయనకు ఒక్కగానొక్క చెల్లెలు.

పొదటూరుపేటలో మగ్గం నేసుకుని బతికిన అరవై అయిదేళ్ళ మనిషికి జర్మనీ ఫుట్‌బాల్ ఎట్లా అంటుకుందని చాలామంది అడిగారు. కరోనా అంటించింది. లాక్‌డౌన్‌లో షూటింగులు ఆగిపోయి చానళ్ళవాళ్ళు పాత సీరియళ్ళే మళ్ళీ వేశారు. "ఒకతూరి ఏడ్చిన ఏడుపే మళ్ళా ఎవురు ఏడ్చేది?" అని ఆమె రిమోటు నొక్కుకుంటూ పోయింది. ఒకచోట వేలు ఆగింది. పెద్ద మైదానం. చుట్టూ వేల కుర్చీలు, ఒక్కదాంట్లోనూ మనిషి లేడు. నడుమ ఇరవై రెండు మంది మాత్రం ప్రాణం పెట్టి పరుగెత్తుతున్నారు. ఆటలన్నీ మూతపడి ఉన్న రోజుల్లో ఆ దేశంవాళ్ళు ఖాళీ మైదానంలోనే తమ లీగు మళ్ళీ మొదలుపెట్టారు.

"చూసేవాళ్ళు లేరు, చప్పట్లు కొట్టేవాళ్ళు లేరు. అయినా ఎట్ల ఆడతా ఉండారో చూడు. పనంటే అదిరా," అంది నాతో ఫోనులో.

జనం లేరు కనక ఆటగాళ్ళ అరుపులు టీవీలో ఖణీమని వినిపించేవి. అందరికంటే గట్టిగా అరిచేవాడు ఒక గోల్‌కీపరు. ఆ రోజు అయిదు గోల్స్ తిన్నాడు. తిన్న ప్రతిసారీ వలలోంచి బంతి తీసి, ముందున్న పదిమందినీ వరుసపెట్టి కడిగేసేవాడు. భాష తెలియకపోయినా తిట్టు తెలుస్తుంది కదా. అత్తకు వాడు నచ్చాడు.

"అంతమందిలో చేతుల్తో పని చేసేవాడు వాడొక్కడే. మిగిలినోళ్ళంతా కాళ్ళాడిస్తా తిరిగేవాళ్ళే," అంది.

వాడు ఏ జట్టులో ఉన్నాడో అది ఆమె జట్టు అయిపోయింది. ఆ జట్టు పేరు ఆమెకు నోరు తిరగలేదు. మైదానం వెనక పచ్చటి కొండ ఒకటి కనిపిస్తుంది కనక దానికి 'కొండూరు' అని పేరు పెట్టింది. గోల్‌కీపరు 'మన పిల్లోడు'. జుట్టు ముడి వేసుకునేవాడు 'కొప్పోడు'. చెయ్యి తగిలితే చాలు నేల మీద పడి దొర్లేవాడు 'నడుంనొప్పి'. ఆట ఇంకో పది నిమిషాల్లో అయిపోతుందనగా ఎవడి బదులో దిగి, చెమటైనా పట్టకుండా తిరిగి వెళ్ళేవాడు 'చుట్టపుచూపు'. ఆమె ఆటగాళ్ళ పేరు ఒక్కటీ తప్పు పలకలేదు, అసలు పేరు ఒక్కటీ పలకలేదు కాబట్టి.

నేను తిరువళ్ళూరులో బడిపంతులును, తెలుగు చెబుతాను. కొండూరు ఆట ఉన్న ప్రతి శనివారం సాయంత్రం ఎలక్ట్రిక్ ట్రైను ఎక్కి తిరుత్తణికి పోయేవాణ్ణి. టీవీ చానల్లో ఆ ఆట రావడం ఆగిపోయాక, వచ్చేది ఫోనులోనే. నా పాత ఫోను ఆమె దగ్గరే ఉంచాను కానీ దాన్ని టీవీకి కలపడం ఆమెకు చేతకాదని చెప్పేది. ఒకసారి అరక్కోణం దగ్గర ట్రైను నిలిచిపోయి, నేను చేరేసరికి సగం ఆట అయిపోయింది. గుమ్మంలోకి అడుగుపెడితే టీవీలో ఆట శుభ్రంగా నడుస్తోంది.

"ఎట్ల పెట్టినావత్తా?" అన్నాను.

"దానంతట అదే వచ్చింది. కూర్చో, ఒకటి కొట్టినారు," అంది, నా మొహం చూడకుండా.

ఆ తరవాతి శనివారం మళ్ళీ చేతకాలేదు. నేను మళ్ళీ ట్రైను ఎక్కాను. ఆ విషయం ఇద్దరం ఇంకెప్పుడూ ఎత్తలేదు.

ఆట చూసేటప్పుడు ఆమె ఒళ్ళో చాట ఉండేది, చాటలో కందిపప్పు. రాళ్ళు ఏరుతున్నానంటుంది. ప్యాకెట్ పప్పులో రాళ్ళెక్కడివి? ఎదుటి జట్టు కొండూరు గోలు మీదికి వస్తే తల వంచుకుని పప్పు చూడటానికి అది. "పోయినారా?" అని అడిగేది. "పోయినారత్తా" అంటే తల ఎత్తేది. "వల్లో పడింది" అంటే చాట పక్కన పెట్టి, "ఈ పప్పు ఉడకదు," అనేది.

ఎదుటి జట్టునూ రెఫరీనీ అరవంలో తిట్టేది, తన జట్టును తెలుగులో తిట్టేది. అదేమంటే, "పరాయోళ్ళకు మర్యాదగా వాళ్ళ అరవంలో చెప్పాల. మనోళ్ళను మన మాటల్లో తిడితేనే వాళ్ళకు తగిలేది," అంది. జర్మనీవాళ్ళకు అరవం ఎప్పటినుంచి సొంతమైందో నేను అడగలేదు.

ఆఫ్‌సైడు నేర్పడానికి నేను నోట్‌బుక్కులో బొమ్మలు వేసుకుని పోయాను. ఆమె బొమ్మల వైపు చూడనే లేదు. "పెండ్లిలో పంక్తి లేచేదానికి ముందరే పోయి ఆకు ముందర కూర్చుంటారు చూడు, అది ఆఫ్‌సైడు. పక్కోళ్ళతో కలిసిపోయి కూర్చుంటే తప్పు లేదు. అంతే కదా?" అంది. ఇరవై ఏళ్ళుగా బడిలో ఉన్నాను. ఇంత తేలికగా నేను ఏదీ చెప్పలేదు. రెఫరీ ఆట ఆపి, మైదానం అంచుకు పోయి చిన్న టీవీలో చూసుకుంటే మాత్రం మండిపడేది. "వాడూ టీవీలో చూసేవాడే, నేనూ టీవీలో చూసేదాన్నే. నన్నడిగితే చెప్పనా?"

ఆటగాళ్ళు ఒకరి చొక్కా ఒకరు పట్టి లాగితే ఆమె కళ్ళు తప్పు ఎవరిదన్న దాని మీద ఉండవు, బట్ట మీద ఉంటాయి. "అంత లాగినా చినగలేదు. అదేం నూలురా?" డిసెంబరు చివర్లో చలికి లీగు మూడు వారాలు ఆగితే, "చూస్తివా, వాళ్ళు గూడా మార్గళి నెలలో మంచి పనులు పెట్టుకోరు," అని తీర్మానించింది. మార్చి ఆఖర్న ఆ దేశమంతా గడియారాలు ఒక గంట ముందుకు తిప్పుకుంటారని నేను చెప్పడం మరిచాను. ఎనిమిదికని తీరిగ్గా కూర్చుంటే అప్పటికే సగం ఆట అయిపోయి కొండూరు రెండు గోల్స్ వెనకబడి ఉంది. ఆమె మూడు రోజులు ఆ దేశాన్ని క్షమించలేదు. "ఊరంతా గడియారం తిప్పేస్తే, పెండ్లి ముహూర్తం పెట్టుకున్నోళ్ళు ఏమైపోవల్ల?"

ఇంతవరకు నవ్వులాటే. నవ్వులాట కానిది ఒకటి ఆ ఇంట్లో ఉంది. మా నాయనతో ఆమెకు తొమ్మిదేళ్ళుగా మాటల్లేవు.

భర్త పోయాక ఆమె పుట్టింటికి వచ్చి, పొదటూరుపేటలో మా ఇంటి ముందు గదిలో గుంటమగ్గం మీద ఇరవై ఏళ్ళు నేసింది. చుట్టుపక్కల మరమగ్గాలు వచ్చేశాయి. నాయన కూడా తెచ్చాడు. గది చాలలేదు. ఆమె తిరుపతికి పోయి వచ్చేలోగా గుంటమగ్గం పీకించి, గుంట పూడ్పించి సిమెంటు వేయించాడు. చెబితే ఒప్పుకోదని చెప్పలేదట. ఆమె వచ్చింది, గుమ్మంలో నిలబడి చూసింది, ప్రసాదం సంచి మా అమ్మ చేతికిచ్చింది. ఆ సాయంత్రమే పెట్టె తీసుకుని, మూసి ఉన్న తన భర్త ఇంటికి తిరుత్తణికి వెళ్ళిపోయింది. అరిచి ఉంటే రెండు రోజుల్లో చల్లారేదని అమ్మ ఎప్పుడూ అనేది. ఆమె అరవలేదు.

నేను శనివారాలు పొదటూరుపేటకు రాకుండా తిరుత్తణికి ఎందుకు పోతున్నానో తెలిసినప్పుడు నాయన పెద్దగా నవ్వాడు. "ఆమెకు బంతాట గూడానా?" అన్నాడు. రెండు వారాలకు, ఆ ఆటలో పాయింట్లు ఎట్లా వేస్తారని అడిగాడు. నెలకు, ఆ లీగులో అందరికంటే గొప్ప జట్టు ఏదని అడిగాడు. చెప్పాను. ఏడాదికేడాది పట్టం కట్టుకునే జట్టు అది. "అయితే నేను ఆ పక్క," అన్నాడు. దానికి పెద్దూరు అని పేరు పెట్టాడు. కొండూరుకు పోటీగా పెట్టిన పేరని వేరే చెప్పక్కర్లేదు.

నేను చెబుతున్నది ఆ తరవాతి సంవత్సరం సంగతి. మైదానాలు మళ్ళీ జనంతో నిండిపోయాయి. ఆగస్టులో, ఆడి కృత్తిక పండగకు కొండమీది గుడికి వచ్చిన కావళ్ళు తిరుత్తణి నుంచి తిరిగి వెళ్ళిన కొద్ది రోజులకే లీగు మొదలైంది. పద్దెనిమిది జట్లు. ప్రతి జట్టూ మిగతా పదిహేడింటితో రెండేసి సార్లు ఆడాలి. ఆఖరుకు అట్టడుగున మిగిలిన రెండు జట్లు కింది డివిజనుకు పడిపోతాయి. కొండూరు మొదటి నెలనుంచే ఆ అడుగుకు దగ్గరగా తచ్చాడుతోంది.

ఆ ఏడాదే అన్నాచెల్లెళ్ళ యుద్ధం నా ఫోనులో మొదలైంది. కొండూరు గోలు తింటే చాలు, నాయన ఫోను చేసేవాడు. అత్త చెయ్యి తీరిక లేదంటూ స్పీకరు పెట్టమనేది.

"ఎట్లుండాదిరా కొండూరు?" అనేవాడు, ఏమీ ఎరగనట్టు.

"అడిగే ఆయనకు చెప్పు, మా వాళ్ళు నిదానంగా ఆడతారని," అనేది అత్త.

ఆ మాట ఆయన చెవిలో పడుతూనే ఉంటుంది. అయినా నేను చెప్పేదాకా జవాబు ఇవ్వడు. నేను చెప్పాలి: "నాయనా, నిదానంగా ఆడతారంట." అప్పుడు ఆయన, "నిదానంగా యాడికి పోతా ఉండారో అడుగు. కిందికేనా?" ఆమె ఎదురుగానే ఉండి అంతా వింటుంది, అయినా నా వైపే చూస్తుంది. నేను ఆమెకు చెప్పాలి. ఒకసారి విసిగిపోయి మాట కొంచెం మెత్తగా మార్చి చెబితే, అటూ ఇటూ ఇద్దరూ ఒకేసారి కసిరారు. "నేను చెప్పింది అదేనా?"

చలికాలంలో కొండూరు మీద పెద్దూరు ఆడింది. అయిదు గోల్స్ కొట్టింది. నాయన అయిదుసార్లు ఫోను చేశాడు. ప్రతిసారీ ఒకే మాట: "ఏమి శబ్దం లేదే మీ ఇంట్లో?" అయిదోసారి అత్త చాట తీసుకుని వంటింట్లోకి పోయింది. ఆట అయిపోయింది. నేను చెప్పులు వేసుకుంటుంటే ఆరోసారి ఫోను మోగింది.

"ఏమి నాయనా, అయిపోయింది గదా?"

"అన్నం తినిందేమో కనుక్కో," అన్నాడు.

స్పీకరు పెట్టలేదు, అయినా ఆమె వంటింట్లోంచే అంది: "తినింది అని చెప్పు." పొయ్యి మీద అప్పటికి అన్నం కూడా ఉడకలేదు. నేను తినిందని చెప్పాను.

ఏప్రిల్ వచ్చింది. ఇంకా అయిదు ఆటలు ఉన్నాయి. కొండూరు కింది నుంచి రెండోది. ఒక శనివారం నేను పోయేసరికి అత్త అప్పుడే కొండమీది గుడినుంచి దిగి వచ్చి కూర్చుని ఉంది. నుదుట విభూతి. మోకాళ్ళు పిసుక్కుంటోంది.

"మొక్కుకొనొచ్చినాను అల్లుడా. కొండూరు పడకుండా నిలబడితే మీసం ఇస్తానన్నాను."

"ఎవరి మీసం?" అన్నాను, నాది తడుముకుంటూ.

"నీది మీసమా అది? మా అన్నది."

మా నాయన మీసం గురించి చెప్పాలి. మిగతా మనిషి మామూలు మనిషే. మీసం మాత్రం గుబురుగా, రెండు పక్కలా పైకి తిరిగి, ఆయన కంటే ముందు గదిలోకి వచ్చేది. మా అమ్మ పోయిన ఏడు కూడా కర్మలకు ఆ ఒక్కటి తీయించడానికి పెద్దవాళ్ళు గంటసేపు బతిమాలారు.

"నీ జుట్టు మొక్కుకోకూడదా?" అన్నాను.

"నా జుట్టేముండాది, ఎలక తోకంత. సామికి ఇచ్చేటప్పుడు ఇంట్లో గొప్పగా ఉండేది ఇయ్యల్ల. మా వంశంలో గొప్పగా ఉండేది ఆ మీసం ఒక్కటే."

"ఆయన్ని అడగకుండానా?"

"అడగల్లంటే మాట్లాడల్ల కదా!" అంది, నేనేదో బుద్ధి లేని మాట అన్నట్టు.

మరుసటి రోజే పొదటూరుపేటకు పోయాను. నాయన మరమగ్గాల మధ్య ఉన్నాడు. ఆ మోతలో నా మాట తప్పుగా వినపడిందనుకుని మగ్గాలు రెండూ ఆపేశాడు. పనివేళలో ఆయన మగ్గం ఆపగా నేను చూసింది అదే మొదటిసారి.

"ఏమి? మీసమా? నా మీసం మొక్కుకునే దానికి ఆమెకు ఏం హక్కుండాది? ఇప్పుడే అడుగు!"

అక్కడినుంచే ఫోను చేసి అడిగాను. నాయన గోడ వైపు తిరిగి నిలబడ్డాడు. అత్త ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు.

"తోడబుట్టినదాన్ననే హక్కు అని చెప్పు."

స్పీకరులోంచి ఆ గదంతా వినపడింది. మామూలు ప్రకారం నేను మళ్ళీ చెప్పాను. నాయన గోడ వైపే ఉన్నాడు.

"ఏమనింది?"

"తోడబుట్టినదాన్ననే హక్కు అనింది."

"ఆ మాటే అనిందా, నువ్వేమైనా కలిపినావా?"

"కలపలేదు నాయనా."

"ఇంకొక తూరి చెప్పు."

మూడోసారి చెప్పాను. ఆయన మగ్గాలు నడిపించాడు. ఆ సాయంత్రం బస్సు దాకా వచ్చి, బస్సు కదులుతుంటే కిటికీ దగ్గర అన్నాడు: "ఒప్పుకున్నానని చెప్పొద్దు. కాదన్నానని గూడా చెప్పొద్దు."

ఆ మొక్కు తరవాత కొండూరుకు ఏమైందో తెలియదు, గెలవడం మొదలుపెట్టింది. మొదట ఒకటి డ్రా, తరవాత వరసగా రెండు గెలుపులు. నడుంనొప్పి కూడా లేచి గోలు కొట్టాడు. ఇప్పుడు ఫోను చేసేటప్పుడు నాయన గొంతులో పాత ఎకసెక్కం లేదు. "ఇంకా ఎన్ని ఆటలుండాయి?" "ఒకవేళ డ్రా అయితే?" అని అడిగేవాడు. చెయ్యి మీసం మీదే ఉండి ఉంటుంది. ఆ పై వారం ఒకటి ఓడిపోయింది. అంతా ఆఖరి రోజుకు వచ్చి నిలబడింది. ఆఖరి రోజు అన్ని ఆటలూ ఒకే సమయానికి, మనకు సాయంత్రం ఏడింటికి. కొండూరుకు డ్రా అయితే చాలు, నిలబడుతుంది. ఓడితే కిందికి. ఎదుటి జట్టు పెద్దూరు.

ఆ శనివారం నేను తిరుత్తణికి పోయేసరికి నాయన వీధిలో నిలబడి ఉన్నాడు. చేతిలో మామిడిపండ్ల సంచి. తలుపు తెరిచే ఉంది. ఆయన లోపలికి పోడు, ఆమె బయటికి రాదు. ఎంతసేపటినుంచి అట్లా ఉన్నారో తెలియదు.

"నేను సుమ్మా, ఊరికే వచ్చినాను," అన్నాడు నాతో, లోపలికి వినపడేటట్టు. "మీసం నాది. దాని తీర్పు నా కండ్ల ముందర జరగల్ల."

"వచ్చిన ఆయనకు మంచినీళ్ళు ఇయ్యి," అంది అత్త లోపలినుంచి.

"ఇచ్చిన ఆమెకు మామిడిపండ్లు ఇయ్యి," అన్నాడు నాయన.

గడప మీద కుర్చీ వేశాను. ముందు కాళ్ళు ఇంట్లో, వెనక కాళ్ళు వీధిలో. "గీత దాటి వచ్చినారంటే ఆఫ్‌సైడు అని చెప్పు," అంది అత్త. నేను చెప్పాను. ఆయన కుర్చీని బెత్తెడు వెనక్కి జరుపుకున్నాడు.

ఆట మొదలైంది. పెద్దూరుకు ఆ ఏడు పట్టం ముందే ఖాయమైపోయింది. ఆ లీగులో గెలిచినవాళ్ళకు కప్పు ఇవ్వరు, వెండి పళ్ళెం ఇస్తారు. "మావాళ్ళకు ఈపొద్దు తాంబాళం ఇస్తారంట. మీవాళ్ళకేం ఇస్తారో అడుగు," అన్నాడు నాయన. "తాంబాళం పట్టుకొని పెండ్లిచూపులకు పొమ్మను," అంది అత్త. ఇద్దరికీ హుషారుగానే ఉంది. కానీ పావుగంట గడిచేసరికి మాటలు ఆగిపోయాయి. పెద్దూరు వాళ్ళు అలలు అలలుగా వచ్చి మీద పడుతున్నారు. మన పిల్లోడు ఎగిరి తోస్తున్నాడు, కాళ్ళ మీద పడి పట్టుకుంటున్నాడు, లేచి తిడుతున్నాడు. ఆ రోజు అత్త తల వంచలేదు. చాట ఒళ్ళో ఉంది, పప్పు ముట్టుకోలేదు.

సగం ఆటకు సున్నా, సున్నా. అప్పటికి దోమలు నాయన వీపును తినేశాయి. రెండో సగం మొదలవగానే ఆయన కుర్చీ ఎత్తి లోపల వేసుకున్నాడు. అత్త చూసింది. ఆఫ్‌సైడు అనలేదు.

ఎనభై నిమిషాలు. సున్నా, సున్నా. నాయన మీసం పట్టుకుని ఉన్నాడు. ఎనభై అయిదు. అత్త పెదవులు కదులుతున్నాయి, సామిని అడుగుతోందో రెఫరీని తిడుతోందో. ఎనభై ఎనిమిదో నిమిషంలో పెద్దూరు ఆటగాడు ఎడమపక్క నుంచి ఎత్తుగా బంతి వేశాడు. అంత కష్టమైనది కాదు. అట్లాంటివి ఆ ఏడు వాడు వంద పట్టాడు. మన పిల్లోడు పైకి ఎగిరాడు, పట్టాడు, ఎవడో వచ్చి తగిలాడు, బంతి చేతుల్లోంచి జారింది. కింద ఎర్రబూట్లవాడొకడు ఉన్నాడు. ఊరికే కాలు పెట్టాడు.

తరవాత ఏమీ లేదు. ఈల. పెద్దూరు వాళ్ళు కూడా పెద్దగా గంతులు వేయలేదు. మన పిల్లోడు గోలు కంబానికి వీపు ఆనించి కూర్చున్నాడు, మొహం మీద చేతులు. కొండూరు జనం, పడిపోయిన జట్టు జనం, లేచి నిలబడి పాడుతూనే ఉన్నారు.

నాయన మీసం నిలిచింది. ఎగతాళి చేయడానికి ఏడాదిలో ఇంతకు మించిన సందు దొరకదు. ఆయన కుర్చీ దిగి వచ్చి అత్త పక్కన నేల మీద కూర్చున్నాడు. టీవీ వైపే చూస్తూ అన్నాడు:

"ఎనభై ఎనిమిది నిమిషాలు ఒక్కడే కాచినాడు, పాపా. ఒక తూరి చెయ్యి జారింది. చెయ్యి జారనోడు యాడుండాడు?"

చిన్నప్పుడు ఆమెను 'పాపా' అని పిలిచేవాడట. నేను వినడం అదే మొదలు. అత్త అలవాటు కొద్దీ నా వైపు చూసింది, ఆ మాట నేను అందిస్తానని. నేను నోరు మెదపలేదు. కాసేపు ఎదురుచూసింది. తరవాత చాట పక్కన పెట్టి, మోకాలి మీద చెయ్యి ఊనుకుని లేచింది.

"లెయ్యి. అన్నం పెడతాను," అంది ఆయనతోనే.

తెల్లవారి నేను లేచేసరికి నాయన చాప ఖాళీగా ఉంది. బస్సుకు పోయాడేమో అన్నాను. "సంచి ఈడే ఉండాది," అంది అత్త. పాలకని బయటికి పోయిన ఆమె వీధి మొగలో ఆగిపోయింది. కొండ మెట్ల వైపు నుంచి ఒక మనిషి నడుచుకుంటూ వస్తున్నాడు. నడక నాయనదే. దూరానికి మీసం పసుప్పచ్చగా కనిపించింది. దగ్గరికి వచ్చాక తెలిసింది, అది మీసం కాదు. గుండు గీయించుకున్నవాళ్ళు తలకు పూసుకునే గంధం. మీసం ఉండిన చోట అంతమేరా దట్టంగా పూసుకున్నాడు.

అత్త పాలచెంబు అట్లాగే పట్టుకుని నిలబడింది.

"గెలవలేదు గదన్నా. ఎందుకు తీసినావు?"

"వాళ్ళ మీద నమ్మకం పెట్టుకొని మొక్కితివి. వాళ్ళ చేతకాలేదు," అన్నాడు నాయన. పైపెదవి మీద గంధం ఎండి మాట సరిగా రావడం లేదు. "సామి దగ్గర ఎవురో ఒకరు మాట నిలబెట్టల్ల కదా. మంగలాయన నమ్మలేదు. తల మొత్తం గీస్తానంటాడు. మీసం ఒక్కటే చాలప్పా, అది మా చెల్లెలిది అని చెప్పినాను."

అత్త ఆయన్ని తేరిపార చూసింది. కళ్ళు నిండాయి. నేను తల తిప్పుకుందామనుకునేలోగా ఫక్కున నవ్వింది. "అమ్మ మాదిరే ఉండావు! అచ్చం అమ్మే! ఇన్నేండ్లు ఆ మీసం కింద అమ్మను దాచి పెట్టినావు," అంటూ వీధిలోనే నవ్వింది. నాయన మొదట ఉడుక్కున్నాడు, తరవాత చేత్తో నోరు మూసుకుని తనూ నవ్వాడు. నవ్వితే గంధం పెళ్ళలుగా రాలింది.

ఆ రోజు వంట వద్దని, కొండ కింద ఉన్న హోటలుకు పోయాం. పొంగలి, వడ చెప్పాం. ఆకు ముందర కూర్చోగానే నాయన అన్నాడు, నిన్న ఆ గోలు తప్పు లేని గోలేనని. అత్త గ్లాసు ఠపీమని బల్ల మీద పెట్టింది.

"తప్పు లేదా? వాడు మోచేత్తో పొడవలేదా మన పిల్లోణ్ణి?"

"పొడవలేదు. భుజం తగిలింది, అంతే. భుజం తగిలితే తప్పు కాదు."

"నీ కండ్లకు మరమగ్గం దుమ్ము పట్టింది. ఇట్ల చూడు, ఇది మన పిల్లోడు." వడ తీసి ఆకు మధ్యలో పెట్టింది. "ఇది నీ ఎర్రబూట్లోడు." పచ్చిమిరపకాయ. "ఇట్ల వచ్చినాడు. ఇట్ల పొడిచినాడు!"

"యాడ పొడిచినాడు? మిరపకాయను నువ్వే పొడిపిస్తా ఉండావు!" నాయన తన వడ కూడా తీసి రంగంలోకి దింపాడు.

"నువ్వు ఎప్పుడూ అంతే. నీకు నచ్చిందే న్యాయం."

"నువ్వేమో చిన్నప్పటినుంచీ ఓడితే ఆట బాగలేదంటావు!"

గొంతులు లేచాయి. పక్క బల్లల వాళ్ళు తినడం ఆపి చూస్తున్నారు. సాంబారు బకెట్టుతో వచ్చిన సర్వరు మధ్యలో ఆగి, నా వైపు వంగి అరవంలో మెల్లగా అడిగాడు: "ఎన్న సార్, సండైయా? గొడవైతే పెద్దాయన్ని వేరే బల్ల దగ్గర కూర్చోబెట్టమంటారా?"

"సండై లేదప్పా," అన్నాను. "మాట్లాడుకుంటా ఉండారు. సాంబారు వెయ్యి."